రైలు వెళ్ళిపోయాక ప్లాట్‌ఫారం మీద: మున్ యేబోంగ్ సినిమాల గురించి

అందరికీ నమస్కారం. ఇంత వానలో కూడా ఇంతమంది వచ్చారు, చాలా సంతోషంగా ఉంది. వెనక నిలబడ్డవాళ్ళు ముందుకి రండమ్మా, ఇక్కడ కుర్చీలు ఖాళీగా ఉన్నాయి. సర్దుకుని కూర్చోండి, తొందరేం లేదు.

ఇవాళ ఒక నటి గురించి మాట్లాడతాను. ఆవిడ పేరు మున్ యేబోంగ్. ఈ పేరు విన్నవాళ్ళు ఎవరైనా ఉన్నారా? లేరు. సరే, కొరియన్ సీరియల్స్ చూసేవాళ్ళు? చూశారా, సగం చేతులు లేచాయి. మీరు చూసే ఆ తెర మీద, ఇప్పటికి దాదాపు 90 ఏళ్ళ కిందట, మొదటిసారి గొంతు విప్పి మాట్లాడిన కథానాయిక ఈవిడే. కొరియా తొలి టాకీలో హీరోయిన్. ఆ రోజుల్లో ఆవిడని 'మూడు కోట్ల మందికి ప్రేయసి' అనేవాళ్ళట. అప్పుడు దేశం మొత్తం జనాభాయే అంతకన్నా తక్కువ అనుకోండి. అలాంటి మనిషిని చాలా ఏళ్ళు పేరు తెచ్చుకున్న చోటే తలుచుకునే వీలు లేకుండా పోయింది. అదెలా జరిగిందో చెప్పడానికే ఇవాళ వచ్చాను.

ముందు ఒక మాట. నేను రైల్వే క్వార్టర్స్‌లో పెరిగినదాన్ని. మా నాన్న గార్డు. ఎవరినో రైలెక్కించి, రైలు కనుమరుగయ్యాక వెనక్కి నడిచొచ్చే ఆడవాళ్ళ నడక నాకు చిన్నప్పటి నుంచీ తెలుసు. అందుకేనేమో, మున్ యేబోంగ్ సినిమాలు చూస్తుంటే, దొరకని సినిమాల కథలు చదువుతుంటే, నాకు మొదట పట్టింది రైలు. ఆవిడ కథల్లోకి రైలు వచ్చి పడుతూనే ఉంటుంది. ఒకసారి తండ్రిని చంపుతుంది, ఒకసారి ప్రియుణ్ణి తీసుకుపోతుంది, ఒకసారి తనే దాని వెనక పరిగెడుతుంది. కొరియాలో పెద్ద రైలు మార్గాలు వేసింది జపాన్ వాళ్ళు. సియోల్ నుంచి బుసాన్ దాకా లైను 1905లో తెరిచారు. 1910లో దేశాన్నే కలిపేసుకున్నారు. ఈ వరస చూడండి, ముందు రైలు వచ్చింది, ఆ వెనకే ఏలేవాడు వచ్చాడు. ఈ మాట గుర్తు పెట్టుకోండి, మళ్ళీ మళ్ళీ దీని దగ్గరికే వస్తాను.

ఆవిడకి ముందు ఎవరున్నారు? కొరియాలో మొదట్లో ఆడవేషాలు మగవాళ్ళే వేసేవాళ్ళు, మన స్థానం నరసింహారావు గారి కాలంలాగానే. 1923లో లీ వొల్‌హ్వా అనే నాటకాల అమ్మాయి ఒక సినిమాలో కథానాయికగా వేసింది. ఆ సినిమా దేనికోసం తీశారో తెలుసా? జనం పోస్టాఫీసులో డబ్బు దాచుకోవాలని చెప్పడానికి, వలస ప్రభుత్వం తీయించింది. జూదంలో అప్పులపాలైన కుర్రాడు, అతనికి నిశ్చయమైన పిల్ల, ఆ పిల్ల తండ్రి దాచిన డబ్బుతో అప్పు తీరడం. అంటే కొరియాలో ఆడమనిషి తెర మీదికి రావడం రావడమే ప్రభుత్వ ప్రచారంలోకి వచ్చింది. అదీ గుర్తు పెట్టుకోండి. లీ వొల్‌హ్వా ముప్పై నిండకుండానే, 1933లో పోయింది.

అదే 1923లో జపాన్ దర్శకుడొకడు కొరియాలో అందరికీ తెలిసిన చున్‌హ్యాంగ్ ప్రేమకథని మూకీగా తీశాడు, అందులో నాయిక వేషం ఒక కిసెంగ్ వేసింది. కిసెంగ్ అంటే ఆటపాటలు, కవిత్వం నేర్చిన వృత్తి కళాకారిణి. మన కలావంతుల ఇళ్ళ నుంచి తొలినాటి నటీమణులు ఎలా వచ్చారో మీకు తెలుసు కదా, నేను విడమరిచి చెప్పక్కర్లేదు. ఇంటి ఆడపిల్ల తెర మీదికి రావడానికి సంఘం ఒప్పుకోదు, వచ్చినవాళ్ళని చూడటానికి మాత్రం టికెట్టు కొనుక్కుని వెళ్తుంది.

తర్వాత 1926లో 'అరిరంగ్' వచ్చింది. నా ఉన్‌గ్యు తీసి, తనే నటించిన సినిమా. సియోల్‌లో దాన్‌సొంగ్‌సా అనే హాల్లో అక్టోబరు 1న విడుదలైంది, జనం విరగబడి చూశారు. అందులో చెల్లెలి వేషం వేసిన షిన్ ఇల్‌సొన్ ఒక్క సినిమాతో పెద్ద తార అయిపోయి, వెంటనే పెళ్ళి చేసుకుని సినిమాలు వదిలేసి, కొన్నేళ్ళకి మళ్ళీ తిరిగొచ్చింది. ఆవిడ కథే ఒక గంట చెప్పొచ్చు, ఇవాళ చెప్పను.

ఇప్పుడు మన మనిషి దగ్గరికి వద్దాం. మున్ యేబోంగ్ 1917లో పుట్టింది. తండ్రి నాటక సమాజం నడిపేవాడు. మన సురభి పిల్లలు నడక రాగానే రంగస్థలం మీద కృష్ణుడి వేషం వేస్తారు చూడండి, ఈవిడా అలాగే చిన్నప్పుడే స్టేజీ ఎక్కింది. 1932లో, పదిహేనేళ్ళ వయసులో, లీ గ్యుహ్వాన్ అనే కొత్త దర్శకుడి మొదటి సినిమాలో వేషం దొరికింది. ఆ సినిమా పేరుకి అర్థం 'ఆసామీ లేని పడవ'.

కథ వినండి. ఒక రైతు. బతకలేక పట్నానికి వచ్చి రిక్షా లాగుతాడు. భార్య కాన్పుకి డబ్బుల్లేక దొంగతనం చేసి జైలుకి పోతాడు. బయటికొచ్చేసరికి భార్య ఇంకొకడితో ఉంటుంది. కూతుర్ని తీసుకుని ఏటి ఒడ్డుకి పోయి పడవ నడుపుకుంటాడు. ఏళ్ళు గడుస్తాయి. ఏటి మీద రైలు వంతెన కడతారు. వంతెన వచ్చాక పడవ ఎవరెక్కుతారు? అంతటితో ఆగదు. వంతెన కట్టే ఇంజనీరు కూతురి మీద చెయ్యి వేస్తాడు. తండ్రి గొడ్డలి తీసుకుని వాణ్ణి చంపి, అదే గొడ్డలితో వంతెన మీదికి పోయి పట్టాల్ని కొడతాడు. ఆలోచించండి, ఇనప పట్టాల మీద గొడ్డలి దెబ్బలు. ఎదురుగా రైలు వస్తుంది. ఇంటికి నిప్పంటుకుని కూతురూ పోతుంది. చివరికి ఏట్లో ఖాళీ పడవ మిగులుతుంది. తండ్రి వేషం నా ఉన్‌గ్యుది, కూతురి వేషం మున్ యేబోంగ్‌ది.

మూకీ కదా, మాటలెక్కడివి అంటారేమో. హాల్లో తెర పక్కన బ్యోన్సా అని ఒకాయన నిలబడేవాడు. అన్ని పాత్రల మాటలూ ఆయనే చెప్పేవాడు, ఏడ్చేవాడు, ఏడిపించేవాడు. పోలీసు కూడా హాల్లోనే ఉండేవాడు, బ్యోన్సా గీత దాటితే ఆపడానికి. అంటే ఆ పదిహేనేళ్ళ పిల్ల మొహం తెర మీద ఉంది, గొంతు మాత్రం ఒక మగాడిది.

ఆ సినిమా ఇప్పుడు లేదు. 'అరిరంగ్' కూడా లేదు. ఆ కాలపు కొరియా మూకీల్లో ఇవాళ చూడటానికి మిగిలింది దాదాపు ఒక్కటే, 1934 నాటిది, అదీ 2007లో దొరికింది. మిగతావన్నీ ఏమయ్యాయి? 1950 నుంచి మూడేళ్ళు జరిగిన యుద్ధంలో కొన్ని పోయాయి. అసలు చాలా సినిమాలు ఎవరూ దాచకే పోయాయి. పాత ఫిల్ము రీళ్ళని ముక్కలు కోసి గడ్డి టోపీల చుట్టూ పట్టీలుగా వేసేవాళ్ళట అక్కడ. మన దగ్గర వెండి కోసం కరిగించారు, 'ఆలం ఆరా' కాపీ ఒక్కటి కూడా మిగల్లేదు. నాకు ఈ టోపీల సంగతి చదివినప్పటి నుంచీ మనసులోంచి పోవడం లేదు. ఎవరో ఒక రైతు ఎండలో పొలం గట్టున నడిచిపోతుంటే ఆయన నెత్తిన మున్ యేబోంగ్ మొహం, చిన్న చిన్న గళ్ళల్లో, ఉండి ఉండొచ్చు.

1935 అక్టోబరులో, దాన్‌సొంగ్‌సాలోనే, కొరియా తొలి టాకీ విడుదలైంది. కథ మళ్ళీ చున్‌హ్యాంగ్ కథే. మన తొలి టాకీకి ప్రహ్లాదుడు ఎలాగో వాళ్ళకి చున్‌హ్యాంగ్ అలాగ, అందరికీ తెలిసిన కథ. కిసెంగ్ కూతురు, పెద్దింటి కుర్రాణ్ణి రహస్యంగా పెళ్ళాడుతుంది. అతను ఊరు వదిలి వెళ్తాడు. కొత్తగా వచ్చిన అధికారి ఆమెని కావాలంటాడు, ఒప్పుకోకపోతే జైల్లో వేస్తాడు. మొగుడు రాజుగారి రహస్య తనిఖీ అధికారిగా తిరిగొచ్చి విడిపిస్తాడు. 1932లో మన 'భక్త ప్రహ్లాద'లో లీలావతిగా సురభి కమలాబాయి గొంతు విన్నప్పుడు మనవాళ్ళకి ఎలా ఉండి ఉంటుందో, మూడేళ్ళ తర్వాత సియోల్‌లో వాళ్ళకీ అలాగే ఉండి ఉంటుంది. తెర పక్కన బ్యోన్సా లేడు. పద్దెనిమిదేళ్ళ అమ్మాయి తన మాట తనే మాట్లాడుతోంది. ఆ సినిమా కూడా లేదు.

అప్పటికే ఆవిడకి పెళ్ళయింది. భర్త ఇమ్ సొన్‌గ్యు, నాటక రచయిత. 1936లో అతని నాటకం ఒకటి జనాన్ని బ్రహ్మాండంగా ఏడిపించింది. 'ప్రేమ మోసం చేసింది, డబ్బు ఏడిపించింది' అని దాని పేరుకి అర్థం. తమ్ముణ్ణో అన్ననో చదివించడానికి కిసెంగ్ అయిన ఆడపిల్ల కథలు మనకీ కొత్త కాదు కదా. అతనికి క్షయ. ఇల్లు గడవడంలో ఆవిడ నటన ఎంత భారం మోసిందో మీరే ఊహించుకోండి. పత్రికలేమో ఆవిడని ఉత్తమ ఇల్లాలు, ఓర్పుగల తల్లి అని రాసేవి. తెర మీద కూడా ఎక్కువగా అలాంటి వేషాలే, తెల్లని పల్లెటూరి బట్టలు, తల వంచుకుని నిలబడటం.

అందుకే 'మిమోంగ్' నన్ను అంత ఆశ్చర్యపరిచింది. 1936 సినిమా, యాంగ్ జునామ్ దర్శకుడు. పేరుకి అర్థం దారి తప్పిన కల, మాయకల అనుకోండి. ఇది ఇవాళ మనకి దొరికే కొరియా టాకీల్లో అన్నిటికన్నా పాతది.

మొదటి సీన్‌లోనే పంజరం, పిట్ట. ఏసున్ అనే ఇల్లాలు అద్దం ముందు తయారవుతుంటుంది. మొగుడు ఎక్కడికని అడుగుతాడు. డిపార్ట్‌మెంట్ స్టోర్‌కి అంటుంది. మాటా మాటా పెరుగుతుంది. నేను పంజరంలో పిట్టని కాదు అని చెప్పి వెళ్ళిపోతుంది. తల వంచుకునే మున్ యేబోంగ్ కాదండీ అక్కడ కనిపించేది. గొంతు చూడండి, ఎంత కరుగ్గా, ఎంత వేగంగా ఉంటుందో. 1930ల సియోల్ యాస అది, ఇప్పటి సీరియల్స్‌లో మీరు వినే భాషకీ దానికీ రాగమే వేరు. బళ్ళోకెళ్ళే కూతురుంది ఆ పాత్రకి. నటికి ఎన్నేళ్ళు? పంతొమ్మిది. నాకు రెండోసారి చూసినప్పుడు గానీ ఈ లెక్క తట్టలేదు.

ఇల్లు వదిలి హోటల్లో ఒకడితో ఉంటుంది. వాడు డబ్బున్నవాడనుకుంటుంది, తీరా దొంగ. ఆవిడే పోలీసులకి చెప్పేస్తుంది. ఈలోగా స్టేజీ మీద చూసిన ఒక డాన్సర్ మీద మనసు పోతుంది. ఆ డాన్సర్ వేషం నిజంగానే పేరున్న నర్తకుడు చో తెక్‌వొన్ వేశాడు. అతను రైలెక్కి వెళ్ళిపోతున్నాడు. ఇదిగో, మళ్ళీ రైలు. ఆ రైలు అందుకోవాలని టాక్సీ ఎక్కి, ఇంకా వేగంగా పోనీ, ఇంకా వేగంగా అని డ్రైవర్ని తొందరపెడుతుంది. ఆ టాక్సీ రోడ్డు మీద ఒక పిల్లని గుద్దుతుంది. ఆ పిల్ల ఎవరో చెప్పనక్కర్లేదు కదా. ఆసుపత్రిలో కూతురి మంచం పక్కన తల్లి విషం తాగుతుంది.

సినిమా మధ్యలో బళ్ళో టీచరు పిల్లలకి రోడ్డు ఎలా దాటాలో పాఠం చెప్పే సీన్ ఉంటుంది. ఇదెందుకు వచ్చిందిరా అనిపిస్తుంది. ట్రాఫిక్ జాగ్రత్తల ప్రచారం కూడా ఇందులో కలిపారు, అదీ సంగతి. పోస్టాఫీసు పొదుపుతో మొదలైంది చూశారా, పదమూడేళ్ళ తర్వాత కూడా ఆడదాని కథలో ప్రభుత్వం పాఠం ఒకటి దూరుతూనే ఉంది. ఇల్లు దాటిన ఆడదానికి శిక్ష వేయడం కూడా అందులో భాగమే. నాకు ఆ ముగింపు నచ్చదు. అయినా ఆ 47 నిమిషాల్లో మున్ యేబోంగ్ చేసింది ఆ శిక్షకి లొంగేది కాదు అని నేను గట్టిగా నమ్ముతాను. స్టోర్‌లో వస్తువులు చూసేటప్పుడు ఆ కళ్ళల్లో ఉన్న ఆకలి, ఆ ఆకలికి ఎక్కడా సిగ్గుపడకపోవడం, దాన్ని ఏ ముగింపూ వెనక్కి తీసుకోలేదు.

ఇక్కడి నుంచి కథ కష్టంగా ఉంటుంది. నేను దాచను.

1937లో 'బాటసారి' అని, నక్‌తోంగ్ నది దగ్గర తీసిన సినిమా, జపాన్‌లో కూడా ఆడింది, ఆవిడకి ఇంకా పేరొచ్చింది. అదే ఏడాది జపాన్ చైనా మీద యుద్ధం మొదలుపెట్టింది. 1938లో 'సైనిక రైలు'. పేరులోనే ఉంది కదా. ఆవిడ కిసెంగ్ వేషం. ఆమెని విడిపించుకోవడానికి డబ్బు కావాలి, ఆ డబ్బు కోసం ప్రియుడు గూఢచారికి సైనిక రైలు రహస్యాలు అమ్ముతాడు. ఆమె అన్న ఆ రైలు నడిపే డ్రైవరు. 1932లో తండ్రి గొడ్డలితో పట్టాల్ని కొట్టాడు, ఆరేళ్ళు తిరిగేసరికి అదే నటి సినిమాలో కథానాయకుడి గొప్పతనం పట్టాల్ని కాపాడటంలో ఉంది. ఆరేళ్ళే!

1940లో సినిమా చట్టం వచ్చింది. నటులు, దర్శకులు, కెమెరా వాళ్ళు అందరూ ప్రభుత్వం దగ్గర పేరు నమోదు చేయించుకుంటేనే పని. 1942కి కంపెనీలన్నీ మూసి ఒక్కటే మిగిల్చారు. ఇంకో చోటికి వెళ్ళి వేషం అడిగే దారి లేదు. 1941లో 'వాలంటీర్' వచ్చింది. కొరియా కుర్రాళ్ళు జపాన్ సైన్యంలో చేరాలని చెప్పే సినిమా. ఆవిడ ఆ కుర్రాడికి నిశ్చయమైన పిల్ల. చివర్లో స్టేషను, జెండాలు, రైలు. సాగనంపుతుంది. నేను ఆ సీన్ చాలాసార్లు చూశాను. నా కళ్ళు ప్రతిసారీ జెండాల మీంచి జారి ఆవిడ మొహం దగ్గరే ఆగాయి. రైలు వెళ్ళిపోయాక ఏం చెయ్యాలో తెలియని మనిషి మొహం అది. మా స్టేషన్‌లో ఎన్నిసార్లు చూశానో.

అదే ఏడాది 'ఇల్లు లేని దేవదూతలు'. వీధి పిల్లల్ని చేరదీసే పాస్టరు కథ, ఆవిడ పాస్టరు భార్య. చివరికి పిల్లలంతా జపాన్ జెండా ముందు నిలబడి రాజభక్తి ప్రమాణం చదువుతారు. 1943లో 'చోసన్ జలసంధి'. అందులో కొరియన్ భాష లేదు, అంతా జపనీసే. ఎనిమిదేళ్ళ కిందట కొరియా తెర మీద తొలిసారి కొరియన్‌లో మాట్లాడిన గొంతు ఇది. ఆ గొంతు చేత పరాయి భాష మాట్లాడించారు. మొగుడు సైన్యంలోకి వెళ్తాడు, ఆవిడ మిలిటరీ బట్టలు కుట్టే ఫ్యాక్టరీలో పని చేసి చేసి పడిపోతుంది. చివర్లో అతను గాయపడి జపాన్‌లో, ఆవిడ కొరియాలో, మధ్యలో సముద్రం, ఫోన్‌లో మాట్లాడుకుంటారు.

ఇవి చూసి ఇష్టపడి వెళ్ళారో, బలవంతాన వెళ్ళారో, నిజంగా యుద్ధానికి వెళ్ళి తిరిగిరాని కుర్రాళ్ళున్నారు. వాళ్ళ అమ్మలున్నారు. కాబట్టి ఆవిడ తప్పు లేదని నేను అనను. 2009లో సియోల్‌లో జపాన్ పాలనకి సహకరించినవాళ్ళ పేర్లతో ఒక పెద్ద నిఘంటువు అచ్చు వేశారు, అందులో ఆవిడ పేరుంది, భర్త పేరూ ఉంది. ఉండాల్సిందే. నాకున్న బాధ ఒకటే. పడవ వాడి కూతురు కాలిపోయింది, చున్‌హ్యాంగ్ పోయింది, బాటసారి పోయింది. మిగిలినవాటిలో ఎక్కువ యుద్ధం కోసం తీసినవే. ఒక మనిషి పదేళ్ళ పనిలో ఏవి మిగిలాయో వాటితోనే మనం ఆవిడని కొలుస్తున్నాం.

1945 ఆగస్టు 15న జపాన్ పాలన ముగిసింది, దేశం రెండు ముక్కలైంది. 1948లో భార్యాభర్తలిద్దరూ ఉత్తరానికి వెళ్ళారు. 1949లో ఉత్తర కొరియా తీసిన మొదటి కథా చిత్రం 'నా ఊరు'. కథానాయిక ఎవరు? ఈవిడే. మూడోసారి మొదలు ఇది: మొదట పడవ, తర్వాత టాకీ, ఇప్పుడు కొత్త ప్రభుత్వం మొదటి సినిమా. 1952లో బిరుదు ఇచ్చారు. అరవైల చివర్లో ఉన్నట్టుండి తెర మీద కనిపించకుండా పోయింది. 1980లో తిరిగొచ్చింది, 1982లో ప్రజా నటి అన్నారు. 1999లో 82 ఏళ్ళ వయసులో పోయింది. అక్కడ దేశభక్తుల శ్మశానంలో సమాధి చేశారు. ఒకే మనిషి, ఒకచోట దేశభక్తుల మధ్య పడుకుని ఉంది, ఇంకోచోట ద్రోహుల జాబితాలో ఉంది.

దక్షిణంలో ఏమైంది మరి? ఉత్తరానికి వెళ్ళిన రచయితలు, కళాకారుల మీద నిషేధం 1988 దాకా ఎత్తెయ్యలేదు. నలభై ఏళ్ళు. ఆవిడ మొహం తెలిసిన తరం ఆ నలభై ఏళ్ళల్లో ముసలిదైపోయింది.

తర్వాత 2004, 2005లో కొరియన్ ఫిల్మ్ ఆర్కైవ్ వాళ్ళు బీజింగ్ వెళ్ళి చైనా ఫిల్మ్ ఆర్కైవ్ అల్మారాల్లో వెతికితే ఈ రీళ్ళు బయటపడ్డాయి. 'సైనిక రైలు', 'వాలంటీర్', 'ఇల్లు లేని దేవదూతలు' ముందు దొరికాయి. మరుసటేడు 'మిమోంగ్', 'చోసన్ జలసంధి'. సొంత దేశంలో కాదు, మూడో దేశంలో. ఎవరో ఒక గుమాస్తా, పేరు కూడా మనకి తెలియదు, ఆ డబ్బాలకి నంబరు వేసి, తేమ తగలకుండా ఏళ్ళ తరబడి దాచాడు. ఆ మనిషికి నేను ఇక్కడి నుంచి దణ్ణం పెడుతున్నాను.

ఇప్పుడు 'మిమోంగ్' వేస్తున్నాం. కథ మొత్తం చెప్పేసిందే అనుకోకండి, కథ కోసం కాదు చూడటం. యూట్యూబ్‌లో ఆ ఆర్కైవ్ వాళ్ళ ఛానెల్లో కూడా ఉంది, ఇంటికెళ్ళి మళ్ళీ చూడొచ్చు. శబ్దం అక్కడక్కడా గరగరమంటుంది, ఫిల్ము మీద గీతలుంటాయి, ఓపిక పట్టండి. టాక్సీ సీన్ వచ్చినప్పుడు మాత్రం రోడ్డు వైపు చూడకండి. వెనక సీటు వైపు చూడండి, ఆవిడ మొహం వైపు. బాబూ, ఆ లైట్లు తీసెయ్యవా.